అంకోర్ వాట్‌ను తెల్లవారుజామున సొంత గైడుతో చూడాలంటే: సమగ్ర మార్గదర్శి

కంబోడియాలోని అంకోర్ వాట్ అనగానే చాలామందికి ఒకే ఫొటో గుర్తొస్తుంది. ఐదు శిఖరాల వెనుక ఎర్రబడుతున్న ఆకాశం, ముందున్న కొలనులో వాటి నీడ. ఆ దృశ్యం కోసం రోజూ వందల మంది చీకటి ఉండగానే లేచి వస్తారు. సూర్యుడు కాస్త పైకి రాగానే వారిలో చాలామంది ఫలహారానికి హోటళ్ళకు మళ్ళుతారు. ఆ తర్వాత గంటన్నర, రెండు గంటల పాటు గుడి లోపలి మండపాల్లో నింపాదిగా నిలబడి శిల్పాలు చూడవచ్చు. ఎనిమిదిన్నర, తొమ్మిది అయ్యేసరికి పెద్ద బస్సులు వస్తాయి, ఎండ ముదురుతుంది.

అందుకే నేను చెప్పేది ఒకటే. తెల్లవారుజామున వెళ్ళండి, కానీ సూర్యోదయం కోసమే వెళ్ళకండి. ఆ తర్వాతి రెండు గంటల కోసం వెళ్ళండి, పక్కన మంచి గైడును పెట్టుకుని వెళ్ళండి. భారత, భాగవత, రామాయణ కథలు వింటూ పెరిగిన తెలుగువారికి ఈ గుడి గోడల మీద తెలిసిన ముఖాలు ఎన్నో కనిపిస్తాయి. తెలిసిన కథ తెలియని మలుపు తిరిగే చోట్లూ ఉన్నాయి. వాటిని పట్టుకోవడానికే గైడు కావాలి.

మొదటి మెట్టు: ఎప్పుడు వెళ్ళాలి

నవంబరు నుంచి ఫిబ్రవరి వరకు వాతావరణం హాయిగా ఉంటుంది, జనమూ ఎక్కువే. ఏప్రిల్‌లో ఎండ దంచుతుంది. మే నుంచి అక్టోబరు దాకా వానలు. అయితే వానాకాలపు ఉదయాలను కొట్టిపారేయకండి. జనం తగ్గుతారు, కందకం నిండుగా ఉంటుంది, తడిసిన రాయి రంగు తేరుతుంది. సూర్యోదయం మబ్బు చాటున పోయినా శిల్పాలు ఎక్కడికీ పోవు.

సూర్యోదయ సమయం జూన్‌లో దాదాపు 5:35, జనవరిలో 6:30. కంబోడియా గడియారం మనకన్నా గంటన్నర ముందుంటుంది. అక్కడ తెల్లవారుజాము 4 గంటలంటే మన ఒంటికి రాత్రి రెండున్నర. విమానం దిగిన మరునాడే ఈ పర్యటన పెట్టుకోకుండా ఒక రోజు ఆగితే గైడు మాటలు బుర్రకెక్కుతాయి.

మార్చిలోనూ సెప్టెంబరులోనూ పగలూ రాత్రీ సమానమయ్యే రోజుల్లో, పడమటి దారి నుంచి చూస్తే సూర్యుడు సరిగ్గా నడిమి శిఖరం మీదుగా లేస్తాడు. కట్టినవారి లెక్క ఎంత నిక్కచ్చిదో అప్పుడు తెలుస్తుంది. ఆ రోజుల్లో జనం కిక్కిరిసి ఉంటారు కాబట్టి, ఆ ఒక్క దృశ్యం మీద మనసు ఉంటేనే ఆ తేదీలు ఎంచుకోండి.

ఇంకో ముఖ్యమైన సంగతి. గుడి పై అంతస్తును బకాన్ అంటారు. బౌద్ధుల పవిత్ర దినాల్లో దాన్ని మూసేస్తారు. ఆ దినాలు చాంద్రమానం ప్రకారం అష్టములు, పౌర్ణమి, అమావాస్య. కాబట్టి మన గోడ క్యాలెండరు చూసుకుని ఆ తిథులకు ఒక రోజు అటూ ఇటూ వదిలేస్తే చాలావరకు ఇబ్బంది ఉండదు. తేదీ ఖాయం చేసే ముందు గైడును కూడా ఒకసారి అడగండి.

రెండో మెట్టు: టికెట్టు

అంకోర్ ప్రాంతం మొత్తానికి ఒకటే పాసు. విదేశీయులకు ఒక రోజుకు 37 డాలర్లు, మూడు రోజులకు 62, ఏడు రోజులకు 72. మూడు రోజుల పాసును పది రోజుల గడువులో ఏ మూడు రోజులైనా వాడుకోవచ్చు. ఏడు రోజుల పాసుకు నెల గడువు ఉంటుంది. పన్నెండేళ్ళ లోపు పిల్లలకు టికెట్టు అక్కర్లేదు, వయసు చూపడానికి పాస్‌పోర్టు దగ్గర ఉంచుకోండి.

టికెట్లు గుడి ద్వారం దగ్గర అమ్మరు. సియమ్ రీప్ పట్టణంలో వేరే కేంద్రం ఉంది. అక్కడ ఫొటో తీసి పాసు మీద అచ్చు వేసి ఇస్తారు. అంకోర్ ఎంటర్‌ప్రైజ్ అనే ప్రభుత్వ సంస్థ వెబ్‌సైటులోనూ కొనవచ్చు. ఏ పద్ధతిలోనైనా ముందు రోజే చేతిలో ఉండాలి. పర్యటన రోజు తెల్లవారుజామున టికెట్ల వరుసలో నిలబడితే, మీరు నిద్ర మానుకుని సంపాదించిన సమయం అక్కడే కరిగిపోతుంది. సాయంత్రం 5 దాటాక కొన్న పాసు మరునాటికి చెల్లుతుంది.

మూడు రోజుల పాసు తీసుకోమని నా సలహా. దీని కారణం చివర్లో చెబుతాను.

మూడో మెట్టు: గైడు

ఈ పర్యటనలో అన్నిటికన్నా ఎక్కువ ఆలోచించవలసింది ఇక్కడే.

అంకోర్‌లో గైడుగా పని చేయాలంటే కంబోడియా పర్యాటక శాఖ లైసెన్సు ఉండాలి. లైసెన్సు ఉన్నవారు యూనిఫారం వేసుకుంటారు, మెడలో గుర్తింపు కార్డు ఉంటుంది. మిమ్మల్ని తీసుకెళ్ళే టుక్‌టుక్ డ్రైవరు ఎంత మంచివాడైనా, గుడి లోపల వెంట నడిచి వివరించే అనుమతి అతనికి ఉండదు. కాబట్టి బండి వేరు, గైడు వేరు అని ముందే గుర్తుంచుకోండి. కొందరు రెండూ కలిపి ఒకే ధర చెబుతారు. ఆ ధరలో ఏమేమి ఉన్నాయో విడివిడిగా అడగండి: బండి, గైడు రుసుము, చీకటితో రావడానికి అదనం, తాగునీళ్ళు. గుడి పాసు సాధారణంగా ఇందులో ఉండదు. ‘ప్రైవేటు’ అని రాసిన చోట కూడా మీ కుటుంబం ఒక్కటేనా, ఇంకెవరైనా కలుస్తారా అని తేల్చుకోండి.

గైడును మీరు దిగే హోటలు ద్వారా గానీ, సియమ్ రీప్‌లోని గైడుల సంఘం ద్వారా గానీ, నేరుగా గానీ కుదుర్చుకోవచ్చు. మన భాష గైడును వెతుకుతూ కూర్చోవడం కన్నా, ఇంగ్లీషు స్పష్టంగా మాట్లాడే ఖ్మేర్ (కంబోడియా స్థానిక జాతి) గైడును ఎంచుకోండి. ఖాయం చేసే ముందు ఒక సందేశం పంపండి. అందులో ఈ సంగతులు ఉంటే చాలు:

‘మేము ఇంతమందిమి. ఇంట్లో పెద్దవారు ఉన్నారు, మెట్లు నెమ్మదిగా ఎక్కుతారు. ఉదయం నాలుగున్నరకు బయలుదేరి తొమ్మిదిన్నర వరకు అంకోర్ వాట్ ఒక్కటే చూడాలనుకుంటున్నాము. కింది మండపాల్లోని శిల్పాలకు కనీసం గంటన్నర కావాలి. రామాయణ, భారత కథలు మాకు తెలుసు. కథ మొదటి నుంచి చెప్పనక్కర్లేదు. మీ శిల్పులు ఏ ఘట్టాన్ని ఎందుకు ఎంచుకున్నారో, ఎక్కడ మార్చారో చెప్పండి.’

ఈ సందేశానికి వచ్చే జవాబును బట్టే మనిషి తెలిసిపోతాడు. ‘తప్పకుండా, ఏ గోడ నుంచి మొదలుపెడదాం?’ అని అడిగితే ఇంకెవరినీ వెతకనక్కర్లేదు. ఒకే ఉదయం అంకోర్ వాట్, బయోన్, తా ప్రోమ్ మూడూ చుట్టి చూపిస్తానని పట్టుబడితే వేరొకరిని చూసుకోండి. ఆ పద్ధతిలో ఏ గుడీ కళ్ళకు దక్కదు.

ఇంకో మాట, ఇది మర్యాదకు సంబంధించింది. మన కథలు కనిపించిన చోటల్లా ‘మా పురాణంలో ఇలా లేదు’ అని గైడుతో వాదనకు దిగకండి. వారి రామాయణం పేరు రియమ్‌కేర్. అందులో రాముడు ప్రియా రియమ్, సీత నియాంగ్ సెడా. ఆ కథ వందల ఏళ్ళుగా వారి సొంతం. గుడి కట్టింది కూడా ఖ్మేర్ రాజులు, ఖ్మేర్ శిల్పులు, ఖ్మేర్ కూలీలు. శాసనాల్లో సంస్కృతం కనిపించినంత మాత్రాన ఇదంతా మనవాళ్ళ పని అనేయడం అన్యాయం. అలాగే 1975-79 మధ్య లక్షల మందిని బలిగొన్న ఖ్మేర్ రూజ్ (కంబోడియా కమ్యూనిస్టుల) పాలన గురించి గైడు తానుగా చెబితే శ్రద్ధగా వినండి. మీరై కదిలించకండి. ఆ కాలం గాయం తగలని కుటుంబాలు ఆ దేశంలో తక్కువ.

నాలుగో మెట్టు: ముందు రోజు సాయంత్రం

దుస్తులు భుజాలనూ మోకాళ్ళనూ కప్పాలి. పైన శాలువా కప్పుకుంటే సరిపోతుందనుకోకండి, బకాన్ దగ్గర చొక్కాకే చేతులు ఉండాలంటారు. నూలు సల్వార్, ప్యాంటు సౌకర్యంగా ఉంటాయి. చీరలో ఆ నిటారు మెట్లు ఎక్కి దిగడం కష్టం. పట్టు జారని బూట్లు, చిన్న టార్చి, దోమల మందు, నీళ్ళు పెట్టుకోండి. డాలర్లు అక్కడ చెల్లుతాయి కానీ చిరిగిన, మరకలున్న నోట్లు తీసుకోరు. చిన్న నోట్లు ఉంచుకోండి.

ఫలహారం పొట్లం కట్టి ఇమ్మని హోటలువారికి ముందు రాత్రే చెప్పండి. శాకాహారులైతే మాంసం వద్దంటే సరిపోదు. ఫిష్ సాస్, గుడ్డు కూడా వద్దని విడిగా చెప్పాలి. అరటిపళ్ళు, బ్రెడ్డు అడిగితే ఏ చిక్కూ ఉండదు. తినడం మాత్రం మండపాల బయటే.

పడుకునే ముందు ఇంట్లోవారంతా కూర్చుని నాలుగు కథలు గుర్తు చేసుకోండి: భీష్ముడి అంపశయ్య, క్షీరసాగర మథనం, బాణాసురుడి కథ, లంకా యుద్ధం. పిల్లలకు చెప్పి ఉంచితే మరునాడు గోడల మీద వారే ముందు గుర్తుపడతారు. నా దృష్టిలో ఈ అరగంట, లావుపాటి ఏ గైడు పుస్తకం కన్నా ఎక్కువ పనికొస్తుంది.

ఐదో మెట్టు: చీకట్లో ప్రవేశం

పట్టణం నుంచి గుడికి ఆరు కిలోమీటర్లు ఉంటుంది. ద్వారం 5 గంటలకు తెరుస్తారు. నాలుగున్నరకు బయలుదేరితే తొలి జనంతోపాటు మీరూ లోపలికి వెళ్ళవచ్చు.

ముందుగా ఎదురయ్యేది కందకం. దాదాపు 190 మీటర్ల వెడల్పు. దాని మీదుగా పడమటి రాతి దారిలో నడుస్తారు. మన గుళ్ళు ఎక్కువగా తూర్పుముఖంగా ఉంటాయి, ఇది పడమటిముఖం. పన్నెండో శతాబ్ది మొదటి సగంలో రెండో సూర్యవర్మ దీన్ని విష్ణువుకు కట్టించాడు. మరణానంతరం ఆ రాజుకు వచ్చిన పేరు పరమవిష్ణులోక. పడమటి దిక్కును బట్టి ఇది రాజు అంత్యక్రియల కోసం కట్టిన గుడి అని కొందరు పండితులు అంటారు. పడమర విష్ణువుకు చెందిన దిక్కు కాబట్టే అలా కట్టారని మరికొందరి మాట. నడుస్తూనే గైడును ఈ ప్రశ్న అడగండి. దానికి మిగిలిన సాక్ష్యం లోపలి గోడల మీద ఉంది.

కందకం దాటగానే వచ్చే పడమటి గోపురంలో, కుడి వైపున ఎనిమిది చేతుల నిలువెత్తు విగ్రహం ఉంది. స్థానికులు ‘తా రీచ్’ అని కొలుస్తారు. విష్ణు రూపమే, పసుపు బట్టలు కట్టి అగరువత్తులు వెలిగిస్తారు. కొలను దగ్గర చోటు పట్టుకోవాలనే తొందరలో జనం దీన్ని చూడకుండానే పోతారు. మీరు ఒక్క నిమిషం ఆగండి. గుడి థేరవాద బౌద్ధుల చేతుల్లోకి వచ్చి శతాబ్దాలు గడిచాక కూడా ఈ మూర్తికి దండాలు ఆగలేదు.

అక్కడి నుంచి అసలు గుడి వరకు దాదాపు 350 మీటర్ల రాతి బాట. సగం దాటాక రెండు వైపులా కొలనులు. ఎడమ వైపు కొలను గట్టునే ఫొటోల జనం గుమిగూడుతుంది. సూర్యోదయం చూడాలనుకుంటే అక్కడ నిలబడండి, తప్పులేదు. నేనైతే ఆకాశం రంగు మారడం మొదలయ్యాక కాసేపు మాత్రమే ఉండి, సూర్యుడు శిఖరాలు దాటక ముందే లోపలికి నడవమంటాను. అందరూ కొలను వైపు తిరిగి ఉన్న ఆ సమయంలో మండపాలు మీవి.

ఆరో మెట్టు: కింది మండపం

గుడి చుట్టూ తిరిగే ఈ మండపపు లోపలి గోడ మీద, కొలిస్తే అర కిలోమీటరుకు పైగా శిల్పఫలకాలు ఉన్నాయి. అన్నీ చూడాలంటే ఒక పూట చాలదు. పడమటి ద్వారం లోపలికి వచ్చి కుడి చేతి వైపు తిరగండి. అంటే గోడ మీ ఎడమ పక్కన ఉంటుంది, మీ నడక అప్రదక్షిణంగా సాగుతుంది. మన గుడి అలవాటుకు ఇది విరుద్ధం. కానీ శిల్పాల వరుస ఇలాగే సాగుతుంది, అంత్యక్రియల వాదానికి బలమిచ్చే సాక్ష్యం ఇదే.

మొదటిది కురుక్షేత్రం. దాదాపు 49 మీటర్ల పొడవు. ఎడమ నుంచి కౌరవులు, కుడి నుంచి పాండవులు వస్తుంటే మధ్యలో సేనలు కలిసిపోతాయి. బాణాల మీద ఒరిగిన భీష్ముణ్ణి గైడు చూపించక ముందే వెతకండి. జుట్టు ముడి వేసుకున్న ద్రోణుడు, నాలుగు చేతులతో రథం తోలుతున్న కృష్ణుడు కనిపిస్తారు. తక్కువ వెలుతురులో టార్చిని పక్క నుంచి ఏటవాలుగా వేయమని గైడును అడగండి. ఎదురుగా వేస్తే శిల్పం చదునుగా కనిపిస్తుంది. పక్క నుంచి వేస్తే గుర్రాల కాళ్ళు ఒకదాని వెనుక ఒకటి లేస్తాయి. చేత్తో మాత్రం తాకవద్దు. లక్షల చేతులు తగిలి నల్లగా మెరిసే చోట్లు మీకే కనిపిస్తాయి.

మూల తిరిగే చోట చిన్న మండపం ఉంది. గోవర్ధనం ఎత్తిన కృష్ణుడు, వాలి సుగ్రీవుల పోరు, కైలాసాన్ని కదిలిస్తున్న రావణుడు అక్కడే ఉన్నారు. బృందాలు ఆగని చోటు ఇది. ఆగండి.

దక్షిణపు గోడ మొదటి సగంలో సూర్యవర్మ స్వయంగా ఉన్నాడు. గొడుగుల నీడలో కొలువు తీరి ఒకసారి, ఏనుగు మీద ఊరేగుతూ మరోసారి. సేనానుల పేర్లు పక్కనే చిన్న శాసనాలుగా చెక్కి ఉన్నాయి. వరుసలో ‘శ్యామ’ దళం వచ్చినప్పుడు వారి వేషమూ నడకా వేరుగా ఉండటం గమనించండి. పురాణాల మధ్య ఒక రాజు తన కొలువును ఇంత ధీమాగా నిలబెట్టుకోవడం గురించి గైడు ఏమంటాడో వినడం బాగుంటుంది.

రెండో సగంలో స్వర్గ నరకాలు: 37 స్వర్గాలు, 32 నరకాలు. అనేక చేతుల యముడు తీర్పు చెబుతుంటాడు, పక్కన చిత్రగుప్తుడు. దోషులను కిందికి తోసేస్తుంటారు. ఇక్కడ పిల్లలు ఎక్కువసేపు నిలబడతారు, శిక్షలు భయంకరంగా ఉన్నాయని తల్లిదండ్రులు ముందే తెలుసుకుంటే మంచిది.

ఇప్పటికి ఏడు గంటలు అయి ఉంటుంది. సరిగ్గా ఈ వేళకే తూర్పు మండపంలోకి తిరగాలి. ఉదయపు ఎండ స్తంభాల మధ్య నుంచి ఏటవాలుగా క్షీరసాగర మథనం మీద పడుతుంది. ఈ ఉదయం మొత్తంలో నాకు అన్నిటికన్నా విలువైన సమయం ఇదే. 49 మీటర్ల ఫలకంలో ఒక పక్క 92 మంది అసురులు, మరో పక్క 88 మంది దేవతలు వాసుకిని లాగుతున్నారు. మధ్యలో విష్ణువు, కింద కూర్మం, పైన పుడుతున్న అప్సరసలు, అడుగున కోసుకుపోతున్న చేపలు, మొసళ్ళు. మందర పర్వతానికి దగ్గరగా వెళ్ళి చూడండి. చిలుకుడు వేగానికి అక్కడి జలచరాలు ముక్కలైపోయి ఉంటాయి. ఆ తర్వాత దేవతల వరుస చివరికి నడవండి. అక్కడ తోక పట్టుకున్నది ఒక పెద్ద వానరం. మన భాగవతంలో ఈ ఘట్టంలో వానరుడు లేడు. హనుమంతుడని కొందరు, సుగ్రీవుడని కొందరు అంటారు. ఎందుకు ఉన్నాడని మీ గైడును అడిగి, జవాబు వినండి. నేను పైన చెప్పిన మలుపు ఇదే.

ఇక్కడ కనీసం ఇరవై నిమిషాలు ఉండండి.

తూర్పు గోడ మిగిలిన సగం, ఉత్తరపు గోడ మొదటి సగం పదహారో శతాబ్దిలో చెక్కినవి. పనితనం తేడా మామూలు కంటికే తెలుస్తుంది. అయినా బాణాసురుడి ఫలకం దగ్గర ఆగండి. ఉషా పరిణయం కథ తెలిసినవారికి గరుడుడి మీద వచ్చే అనేక చేతుల కృష్ణుణ్ణి పోల్చుకోవడం కష్టం కాదు. చివరలో బాణుణ్ణి ప్రాణాలతో వదలమని శివుడు అడిగే ఘట్టం, పక్కన పార్వతి, వినాయకుడు. మిగిలిన ఉత్తరపు గోడను వేగంగా దాటవచ్చు.

పడమటి వైపు తిరిగి వచ్చేసరికి లంకా యుద్ధం. హనుమంతుడి భుజాల మీద రాముడు, వెనుక లక్ష్మణుడు, విభీషణుడు. ఎదురుగా సింహాలు లాగే రథంలో పది తలల, ఇరవై చేతుల రావణుడు. వానరులు కొరుకుతున్నారు, రక్కుతున్నారు. అంత గుంపులోనూ ప్రతి ముఖం వేరు.

ఏడో మెట్టు: పైకి

మధ్యలో వచ్చే శిలువ ఆకారపు మండపం పేరు ప్రియా పోన్, వెయ్యి బుద్ధుల చావడి. 1632లో వచ్చిన ఒక జపాన్ యాత్రికుడు స్తంభం మీద సిరాతో రాసిన రాత ఇప్పటికీ మసకగా ఉంది. గైడు చూపిస్తేనే దొరుకుతుంది. పక్కనే ఉన్న చిన్న గదిలో గోడ పక్కన నిలబడి గుండె మీద పిడికిలితో కొడితే ధ్వని గది నిండా మోగుతుంది. చప్పట్లకు మోగదు.

బకాన్‌కు ఎక్కే చెక్క మెట్లు బాగా నిటారుగా ఉంటాయి. ఒకసారికి పరిమితంగానే పంపుతారు. పన్నెండేళ్ళ లోపు పిల్లలను అనుమతించరు. గర్భిణులు, గుండె జబ్బు ఉన్నవారు, ఎత్తంటే కళ్ళు తిరిగేవారు ఎక్కవద్దు. టోపీలు తీయాలి. ఎవరు పైకి వెళ్ళాలో, ఎవరు పిల్లలతో కింద ఉండాలో ముందే అనుకుంటే అక్కడ తర్జనభర్జన ఉండదు. కింద ఉన్నవారు రెండో ప్రాకారపు గోడల మీది దేవతా స్త్రీలను చూడవచ్చు. గుడి మొత్తంలో 1,700కు పైగా ఉన్నారు, వారి జడ అల్లికలు రకరకాలు. పైన నాలుగు దిక్కులకూ బుద్ధ విగ్రహాలు. మాట తగ్గించండి. భిక్షువులు ఎదురైతే ఫొటోకు ముందు అడగండి. స్త్రీలు వారిని తాకకూడదు, వస్తువు ఇవ్వాలంటే వేరొకరి ద్వారా ఇవ్వాలి.

ఎనిమిదో మెట్టు: బయటికి

తొమ్మిదింటికి పడమటి దారి జనంతో నిండుతుంది. తూర్పు ద్వారం గుండా చెట్ల నీడలో బయటపడటం సుఖం. బండిని అటు రమ్మని గైడుతో ముందు రోజే చెప్పించాలి.

డబ్బు బయటికి వచ్చాక, మాట్లాడుకున్నంత ఇవ్వండి. బాగా చెప్పాడనిపిస్తే పైన కొంత ఇవ్వడం అక్కడ మామూలే. వస్తువులు అమ్మే, డబ్బడిగే పిల్లలకు మాత్రం ఇవ్వవద్దని అక్కడి అధికారులే కోరతారు. సంపాదన మొదలైతే బడి మానేస్తారు.

ఇక మూడు రోజుల పాసు సంగతి. పడమటి గోడలకు ఉదయం నీడే ఉంటుంది. కురుక్షేత్రానికీ లంకా యుద్ధానికీ అసలు వెలుతురు సాయంత్రం నాలుగు తర్వాత పడుతుంది. కాబట్టి మరో రోజు, గైడు లేకుండానే, ఆ వేళకు వచ్చి ఆ రెండు ఫలకాలే చూడండి. ఉదయం గైడు చెప్పిన పేర్లు గుర్తుంటాయి. గుడి సాయంత్రం ఐదున్నరకు మూస్తారు కాబట్టి నాలుగింటికే లోపల ఉండాలి.